దావాలో కుంచెడు కందులు

బిక్షమ్మ మొండిదంటే ఊరంతా ఒప్పుకుంటుంది. ఆ మాటకొస్తే బిక్షమ్మే ఒప్పుకుంటుంది. ఒప్పుకున్న పనికి ఎగనామం పెట్టిందనో, అన్నమాట తప్పిందనో ఆమె మీద ఎవరికీ ఫిర్యాదు లేదు. ఉన్నదల్లా ఒకటే: ఒకటి పట్టుకుందంటే ఇక ఎవరు చెప్పినా వినదు. హైదరాబాద్ రోడ్డు మీద చిట్యాల దగ్గర దిగి లోపలికి పోతే వచ్చే చిన్న ఊరు వాళ్ళది. ఆ ఊరి మాదిగవాడ నుంచి భూమి కోసం నల్గొండ కోర్టు మెట్లెక్కిన మొదటి ఆడమనిషి ఆమె. ఎక్కించింది ఆ మొండితనమే. ఉన్న భూమి కాస్తా ఊడగొట్టేటంత పని చేసిందీ అదే.

భూమి అంటే పెద్దగా ఊహించుకోకండి. ఎకరన్నర ఎర్రచెల్క నేల. వాన పడితే పంట, లేకపోతే మంట. కానీ ఆ ఇంట్లో అంతకుముందు ఎవరికీ కాలు మోపేంత జాగా కూడా సొంతం కాదు. బిక్షమ్మ మామ, మామ తండ్రి, అతని తండ్రి అందరూ పటేలు ఇంట్లో జీతాలు చేసినవాళ్ళే. ఒక ఏడు కూతురి పెళ్ళి పెట్టుకున్న పటేలుకు చేతిలో పైసలాడలేదు. ఊరి చివర చెల్క అమ్ముతానన్నాడు. మామా, బిక్షమ్మ భర్త గుర్వయ్యా ఏళ్ళ తరబడి కాలువ పనుల్లో రాళ్ళు మోసి దాచుకున్నది ఆయన చేతిలో పోశారు. తెల్లకాగితం మీద అమ్మకం రాసుకున్నారు. ఆ రోజుల్లో పేదవాళ్ళ కొనుగోళ్ళన్నీ అట్లాంటి కాగితాల మీదే నడిచేవి. రిజిస్ట్రీ ఆఫీసు ఏ దిక్కున ఉందో ఎవరికి తెలుసు?

బిక్షమ్మ కొత్తగా కాపురానికి వచ్చిన ఏడే ఆ చెల్కలో మొదటి పంట. కళ్ళంలో కందుల రాశి పోశారు. మామ ఎవరినీ ముట్టనివ్వకుండా ముందుగా తానే ఒక కుంచెడు కొలిచి, బట్టలో మూటగట్టి కొత్తకోడలి నెత్తిన పెట్టాడు.

“పటేలోళ్ళింట్ల ఇచ్చి రా, బిడ్డా” అన్నాడు.

“పైసలిచ్చే కొన్నం గద మామా, మల్ల కందులెందుకు?” అని అడిగింది. కొత్తకోడలు అట్లా అడగొచ్చా అని అత్త కళ్ళురిమింది. మామ మాత్రం నవ్వాడు.

“బాకీ గాదు బిడ్డా. ఇన్నేండ్లు గా ఇంటికాడ చేతులు సాపి తీసుకున్నోళ్ళం. ఇప్పుడు ఇచ్చెటోళ్ళమైనం. గది వాళ్ళకు ఎరుకగావాలె.”

బిక్షమ్మకు ఆ మాట ఒంటికి పట్టింది. అప్పటినుంచి ఏటా మొదటి కుంచెడు పటేలు ఇంటికి పోయేది. పోయేది అంటే ముందు వాకిట్లో నుంచి కాదు. పెరటి గడప బయట పటేలమ్మ చాట పెట్టి, లోపలికి నాలుగడుగులు జరిగి నిలబడేది. బిక్షమ్మ వంగి పోసి, తాను వెనక్కి జరిగాక ఆమె వచ్చి చాట తీసుకునేది. తిన్నవా, ఉన్నవా అన్న పలకరింపు ఉండేది కాదు. ఆ గింజలు లోపలికి పోయాక ఏమయ్యేవో బిక్షమ్మకు తెలియదు. పప్పు చేసుకున్నారో, బర్రెలకు నానబెట్టారో, మైల పడ్డాయని పారబోశారో. అడిగే ధైర్యం లేదు, అడగకుండా ఉండే మనసూ లేదు. ఊళ్ళో అందరూ పత్తి పట్టినప్పుడు తనూ పత్తి పెట్టింది గానీ, మధ్యలో నాలుగు సాళ్ళు కందులు మాత్రం మానలేదు. కరువొచ్చిన ఏడు ఇంట్లో పప్పుకు లేకపోయినా కుంచెడు పోయింది. గుర్వయ్య పోయిన ఏడు కూడా, బొట్టు తీసిన ముఖంతోనే మూట నెత్తిన పెట్టుకుని పోయి పోసి వచ్చింది. మొండిదని ఊరికే అన్నానా?

తర్వాత పటేలు పోయాడు, వెనకే పటేలమ్మ పోయింది. కొడుకు ప్రేమ్‌సాగర్ అంతకు చాలా ముందే హైదరాబాద్‌లో స్థిరపడ్డాడు. ఇంటికి తాళం పడింది. కందులు పోసే గడప లేక ఆ ఆనవాయితీ ఆగింది. తెలంగాణ వచ్చాక, తెల్లకాగితాల మీద కొన్నవాళ్ళకు పట్టాలు చేస్తారంటే బిక్షమ్మ ఆఫీసుల చుట్టూ తిరిగి తన పేరున పాస్‌బుక్కు తెచ్చుకుంది. కూతురు గ్లోరీ చౌటుప్పల్‌లో మందుల ఫ్యాక్టరీలో పనికి కుదిరింది. ఊరి చర్చిలో బాప్తిస్మమప్పుడు పెట్టిన పేరు అది. తల్లికీ కూతురికీ ఏ కాలానికా కాలం గడిచిపోతుండేది.

ఈలోగా రోడ్డు పక్క భూముల ధర ఆకాశానికి పోయింది. ఒక పొద్దున బిక్షమ్మ చేనుకు పోయేసరికి గట్టుమీద కంచెకు పాతే రాతి కడీలు దించి ఉన్నాయి. గుంతలు తీస్తున్నారు. గొడుగు పట్టుకుని ప్రేమ్‌సాగర్ నిలబడి ఉన్నాడు.

“చిన్న పటేలా, ఇదేంది?”

“మా నాయన భూమి. కంచె ఏపిస్తున్న.”

“మా మామ కొన్నడు గద. కాయిదం ఉన్నది, పాస్‌బుక్కు ఉన్నది.”

“గిసొంటి కాయిదాలు ఎన్నైనా పుడ్తయి బిక్షమ్మా. పాస్‌బుక్కు ఎట్లొచ్చిందో కోర్టుల సూసుకుందాం పో” అన్నాడు.

ఆ మాట ఆయన ఊరికే అన్నాడు. మాదిగవాడ ముసలమ్మ కోర్టుకు పోయేదేంటి అని ఆయన ధీమా. ఆమె వాళ్ళు తీస్తున్న గుంతలో దిగి కూర్చుంది. పనివాళ్ళు బతిమాలారు, బెదిరించారు, ఎండకు వాళ్ళే నీడకు పోయారు. మర్నాడు కూతుర్ని వెంటబెట్టుకుని నల్గొండ బస్సెక్కింది.

వకీలు జుల్ఫికర్ కోర్టుకు ఎదురుగా సందులో చిన్న కిరాయి గదిలో కూర్చునేవాడు. నలభై దాటినవాడు, మాట పొదుపు, ముఖం మీద ఎప్పుడూ కాస్త అలసట. ఆమె చెప్పిందంతా విని దావా రాశాడు. భూమి బిక్షమ్మదే అని కోర్టు ప్రకటించాలి, ప్రేమ్‌సాగర్ అందులో అడుగుపెట్టకుండా ఆపాలి. అడిగింది ఈ రెండే. రాసింది తెలుగులో చదివి వినిపించి సంతకానికి ముందుకు జరిపాడు. బిక్షమ్మ కలం పట్టుకోలేదు.

“సార్, కందుల ముచ్చట లేదేంది?”

“అది అవసరం లేదమ్మా.”

“ఎట్ల అవసరం లేదు? గన్నేండ్లు ఇచ్చిన.”

జుల్ఫికర్ కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టాడు. “సూడమ్మా. ఏటేటా పంటల నుంచి పటేలుకు ఇచ్చినం అని మనమే రాస్తే, అవతలోళ్ళు అది కౌలు అంటరు. కౌలుదారు భూమి నాదంటే సెల్లది. మన నోటితోని మనమెందుకు చెప్పాలె?”

“కౌలు గాదని గూడ రాయుండ్రి.”

“రాస్త. కానీ రాసినంక రేపు అది మన మెడకే సుట్టుకుంటే తీసేద్దామంటే కుదరది. దావాల ఒకసారి ఒప్పుకున్నది మల్ల వెనక్కి తీసుకోనియ్యరు.”

“వెనక్కెందుకు తీసుకుంట సార్, ఇచ్చింది నిజమే గద.”

గ్లోరీ తల్లి మోచేయి గిల్లింది. “అమ్మా, వకీలు సార్ చెప్తుండు గద, ఇను జర.”

“నువ్వూకో. గది రాయకుంటే నేను సంతకం చెయ్య.”

జుల్ఫికర్ మళ్ళీ కళ్ళద్దాలు పెట్టుకున్నాడు. ఏటా మొదటి పంటలో కుంచెడు కందులు గౌరవంగా ప్రతివాది తల్లిదండ్రులకు ఇచ్చేవాళ్ళమని, అది కౌలు కాదని ఒక వాక్యం చేర్చాడు. అప్పుడుగానీ ఆ మహాతల్లి సంతకం పెట్టలేదు. పెట్టి, ఆ వాక్యం ఎక్కడుందో వేలుపెట్టి చూపించమంది.

కోర్టు అంటే ఆమెకు మొదటిరోజే ఒళ్ళు జలదరించింది. పెద్ద గోడలకో, నల్లకోట్లకో కాదు. వరండాలో బంట్రోతు పేర్లు పిలిచేవాడు. ఒకే గొంతుతో, ఒకే జోరుతో పిలిచాడు: బిక్షమ్మ, ప్రేమ్‌సాగర్. ఊళ్ళో ఆ ఇంటి పేరు ఎత్తాల్సొస్తే జనం గొంతు తగ్గిస్తారు, ఈమె పేరైతే ఎవరూ ఎత్తనే ఎత్తరు, ఏయ్ అంటారు. ఇక్కడ రెండు పేర్లూ పక్కపక్కన గోడకు తగిలి తిరిగొచ్చాయి. మళ్ళీ వాయిదాకు కూడా అట్లాగే పిలుస్తారా అని గ్లోరీని అడిగింది.

అవతలివైపు నుంచి జవాబు దాఖలైంది. జుల్ఫికర్ దాన్ని చదివి వినిపించాడు. కాగితం దొంగది, పాస్‌బుక్కు మోసంతో వచ్చింది, ఆ చెల్కను మా నాన్న కూలీలతో సాగు చేయించుకునేవాడు. బిక్షమ్మ చలించలేదు, భూమి కోసం ఇట్లాంటివి అంటారని ఆమెకు ముందే తెలుసు. తర్వాత వాక్యం దగ్గర జుల్ఫికర్ గొంతు కాస్త తగ్గింది. కందులు ఇచ్చామన్నది పచ్చి అబద్ధం. వాది కుటుంబం నుంచి మా ఇంటికి ఏనాడూ ఒక్క గింజ రాలేదు, వచ్చినా మా ఇంట్లో ఎవరూ దాన్ని ముట్టేవాళ్ళు కాదు.

భూమి నీది కాదంటే గుంతలో దిగి కూర్చున్న మనిషి, ఆ మాటకు బెంచీ మీద కూలబడిపోయింది. “ముట్టకపోతె పోయె సార్” అంది. “రాలేదని ఎట్లంటడు?”

“కోర్టులల్ల అన్నీ కాదనే రాస్తరమ్మా, అది అలవాటు” అన్నాడు జుల్ఫికర్. అలవాటు ఒక్కటే కాదని ఆయనకూ తెలుసు. చెప్పి ఆమె మనసు ఇంకా ఎందుకు కష్టపెట్టాలి?

మధ్యలో కరోనా వచ్చి కోర్టులు మూతపడ్డాయి. తెరిచాక సాక్ష్యాలు మొదలయ్యాయి. పక్క చేను యాదమ్మ వచ్చి, తను బుద్ధెరిగినప్పటినుంచి ఆ చెల్క దున్నింది బిక్షమ్మ వాళ్ళేనని చెప్పిపోయింది. ఏటేటా సాగు ఎవరిదో రాసిపెట్టే పాత పహాణీలు కూడా అదే చెప్పాయి. పటేలు సాగు చేయించాడన్న మాట అక్కడితో వీగిపోయింది. ఇక బిక్షమ్మ బోనెక్కింది. ఎదుటి వకీలు మెత్తని మనిషి, బెల్లం తిన్నట్టు మాట్లాడతాడు.

“ఏటా కందులు ఇచ్చేదానివి కదమ్మా?”

“ఇచ్చిన.”

“ఒక్క ఏడు కూడా తప్పకుండా?”

“తప్పకుండ.”

“కరువు వచ్చిన ఏడు కూడా ఇచ్చావా?”

“నా ఇంట్ల పప్పుకు లేకున్న ఇచ్చిన” అంది బిక్షమ్మ తలెత్తి. అడిగేవాడు దొరికాడన్న సంబరంలో ఉంది ఆమె. అవతలివాళ్ళ వలలో పడుతున్నానన్న ధ్యాసే లేదు.

“తిండికి లేని ఏడు కూడా తప్పకుండా ఇచ్చేది గౌరవమంటారా, కౌలు అంటారా?”

ఆ మెత్తని మనిషి జవాబు కోసం ఆగకుండానే కూర్చున్నాడు.

ఆ రోజు బయటికొచ్చాక గ్లోరీ తల్లిని పట్టుకుని కడిగేసింది. “పట్టు పట్టి రాపిచ్చినవు. ఇప్పుడు భూమి పోతది. బాపు రాళ్ళు మోసి మోసి నడుమిరగ్గొట్టుకున్న భూమి. నీ కందుల కోసం పోతది.” అని అక్కడే మెట్ల మీద ఏడ్చింది. తల్లిని పల్లెత్తు మాట అనే పిల్ల కాదు గ్లోరీ.

ఆ వాక్యాన్ని తీసేయడానికి కోర్టును అడగమని గ్లోరీ జుల్ఫికర్ వెంటపడింది. ఆయన కుదరదన్నాడు, కుదరకపోయినా అడిగి చూడమంది. బిక్షమ్మను అడిగాడు. ఆమె కూతురి ముఖం చూసింది. “తీసెయ్యుండ్రి సార్” అంది. జీవితంలో మొదటిసారి పట్టు విడిచింది. సవరణ దరఖాస్తు మీద సంతకం పెట్టింది. ఆ పొద్దు ఇంటికి పోయి అన్నం ముట్టలేదు. మామ నెత్తిన పెట్టిన మూటను తనే తీసి పారేసినట్టు ఉందని పక్కింటావిడతో చెప్పుకుంది.

జడ్జి ఒక నడివయసు ఆడమనిషి. దరఖాస్తు విని, వకీళ్ళతో ఇంగ్లీషులో ఏదో మాట్లాడి, తర్వాత బిక్షమ్మ వైపు తిరిగి తెలుగులో అంది.

“ఏమ్మా, కందులు ఇచ్చింది నిజం కాదా?”

బిక్షమ్మ కూతురి వైపూ, వకీలు వైపూ చూసింది. గ్లోరీ గుడ్లప్పగించి చూస్తోంది. జుల్ఫికర్ బల్ల వైపు చూస్తున్నాడు.

“నిజమే” అంది బిక్షమ్మ.

“మరి నిజాన్ని తీసేయమంటావేమిటి? దావా నువ్వు చెప్పిన కథ. సాక్ష్యం మొదలు కాకముందు అందులో పొరపాట్లు ఉంటే దిద్దుకోవచ్చు. మొదలయ్యాక దిద్దాలంటే, ఎంత జాగ్రత్తగా ఉన్నా అప్పుడు తెలియలేదని చూపించాలి. నీకు అప్పుడే తెలుసు, రాయించావు. బోనులో నిలబడి మళ్ళీ చెప్పావు. ఎదుటివాళ్ళకు అది పనికొస్తుందని తెలిశాక తుడిచేస్తానంటే ఎట్లా?”

దరఖాస్తు కొట్టేసింది. వాక్యం అక్కడే ఉండిపోయింది. భూమికి మూడిందని గ్లోరీ ముఖం పాలిపోయింది. కానీ బిక్షమ్మకు ఏమైందో చెబితే నమ్మరు. ఛాతీ మీద నుంచి బండ దించినట్టయింది. తన నిజాన్ని తానే తీసి పారేయబోతే, ఎవరో పెద్దమనిషి చెయ్యి పట్టుకుని ఆపినట్టు అనిపించింది. దొరలు మాట మారిస్తే ఊరు మారేది, పోలీసులు మాట మారిస్తే కేసు మారేది. మాట మార్చనివ్వని జాగా ఒకటి ఈ లోకంలో ఉందని ఆమెకు ఇన్నేళ్ళ బతుకులో ఎవరూ చెప్పలేదు. బస్సులో ఇంటికి పోతూ బిత్తరపోయిన ముఖంతో కిటికీలోంచి చూస్తూ కూర్చుంది.

“ఏమాలోచిస్తున్నవే?” అంది గ్లోరీ విసుగ్గా.

“చిన్న పటేలుకు గూడ గిట్లనే ఉంటదా బిడ్డా? లేకుంటే మనకేనా?”

గ్లోరీకి అంత కష్టంలోనూ నవ్వొచ్చింది. ఉన్న భూమి పోయేటట్టుంటే తల్లికి ఈ అనుమానం పుట్టింది మరి.

ఆ అనుమానం ఎక్కువకాలం నిలవలేదు. భూమి సాగు చేసింది బిక్షమ్మ వాళ్ళేనని రుజువయ్యాక ప్రేమ్‌సాగర్‌కు దారి ఒక్కటే మిగిలింది. వాళ్ళు మా కౌలుదార్లు, ఆ కందులే కౌలు అనాలి. మెత్తని వకీలు బోనులో అంత తియ్యగా అడిగిందీ దీనికే. కానీ ప్రేమ్‌సాగర్ జవాబులో ఏముంది? ఒక్క గింజ రాలేదు, వచ్చినా ఎవరూ ముట్టరు. అందుకని ఈసారి ఆయన దరఖాస్తు వేశాడు. జవాబులో ఆ వాక్యం తీసేసి, ఏటా కందులు కౌలు కింద తీసుకునేవాళ్ళమని మార్చుకుంటానన్నాడు.

ఆ రోజు బిక్షమ్మ పొద్దున్నే కోర్టుకు చేరి గోడ పక్కన నిలబడింది. ఇది నెగ్గితే భూమి పోయినట్టేనని జుల్ఫికర్ ముందే చెప్పి ఉంచాడు. తను ఇచ్చానంటుంది, ఆయన కౌలుగా తీసుకున్నానంటాడు, ఇద్దరి మాటా కలిసిపోతుంది. జడ్జి కాగితాలు తిప్పి మెత్తని వకీలును అడిగింది.

“కందులు రాలేదని మీ క్లయింటే రాసి సంతకం చేశాడు. ఇప్పుడు వచ్చాయంటున్నాడు. వచ్చినట్టు ఎప్పుడు తెలిసింది?”

“ఈ మధ్యనే తెలిసింది మేడమ్. పాత మనుషులను విచారిస్తే.”

“కందులు ఎవరి ఇంటికి వచ్చాయి?”

“ప్రతివాది ఇంటికే మేడమ్.”

“ఆయన ఆ ఇంట్లోనే పుట్టి పెరిగాడు కదా?”

వెనక వకీళ్ళెవరో కిసుక్కున నవ్వారు. అప్పుడు బిక్షమ్మకు చెప్పిన మాటే ఈయనకూ చెప్పింది జడ్జి. సాక్ష్యం మొదలయ్యాక, సొంత ఇంటి సంగతి తెలియలేదనే సాకుతో కథ మార్చుకోవడం కుదరదంది. అవే మాటలు, అదే గొంతు. కొట్టేసింది.

బిక్షమ్మ గోడకు ఆనుకుంది. ప్రేమ్‌సాగర్ వెనక్కి తిరిగినప్పుడు ఆయన బిత్తరపోయిన ముఖం చూసింది. తన దరఖాస్తు కొట్టేసిన రోజు తన ముఖం కూడా ఇట్లాగే ఉండి ఉంటుంది కాబోలు అనుకుంది. ఆమెకు సంతోషం కంటే భయం లాంటిది ఎక్కువైంది, చర్చిలో ప్రార్థనప్పుడు ఎప్పుడైనా వస్తుందే, అట్లాంటి భయం. పటేలు కొడుకును ఆయన రాసిన మాటే పట్టుకుని వదల్లేదు. ముట్టేవాళ్ళం కాదని రాయించింది ఆయన అహంకారం. ఇప్పుడు ముట్టామని చెప్పుకోవాలంటే దారి లేదు.

తర్వాతి వాయిదాకు ప్రేమ్‌సాగర్ బోనెక్కాడు. ఆయన ఏ మాటకైనా లేదు, కాదు, తెలియదు అనాలని వకీలు చెప్పి పంపాడట. జుల్ఫికర్ అటూ ఇటూ నాలుగు ప్రశ్నలడిగి, నీళ్ళు తాగి, ఏమీ పట్టనట్టు అడిగాడు.

“బిక్షమ్మ మీ ఇంటికి కందులు తెచ్చేదా?”

ప్రేమ్‌సాగర్ తన వకీలు వైపు చూడలేదు. దరఖాస్తు కొట్టేసినా నోటితో చెబితే ఎక్కుతుందని ఆయనకు ఆశ. తెలివిగలవాణ్ణి అనుకునేవాళ్ళకు ఇట్లాంటి తెలివే పుడుతుంది.

“తెచ్చేది. ఏటేటా తెచ్చేది. కౌలు కింద తెచ్చేది.”

మెత్తని వకీలు నుదురు పట్టుకున్నాడు. జుల్ఫికర్ వదల్లేదు.

“తెచ్చినయి ఏం చేసేటోళ్ళు? బర్రెలకు ఏసేటోళ్ళా?”

“బర్రెలకెందుకేస్తరు?” ప్రేమ్‌సాగర్‌కు కోపమొచ్చింది. కౌలు గింజలను బర్రెలకు వేశారంటే కౌలు అన్నమాట వీగిపోతుందని భయం కూడా. “మా అమ్మ గవ్వే ఇసుర్రాయిల విసిరేది. ఏడాదంత ఇంట్ల గవ్వే వండేది. నేను బడికి పోయేటప్పుడు గా పప్పే తిని పోయేది.”

“చాలు మేడమ్” అని జుల్ఫికర్ కూర్చున్నాడు.

జడ్జి ప్రేమ్‌సాగర్ వైపు చూసింది. “కౌలు అన్నమాట మీ జవాబులో లేదు. జవాబులో లేనిదాన్ని సాక్ష్యంతో నిలబెట్టలేరు. ఎవరూ ముట్టలేదని కదా మీరు రాసింది?”

“అప్పుడు రాసిన వకీలు రాసిండు మేడమ్.”

“సంతకం మీదే కదా?”

ఆయన చెప్పిందంతా ఇంగ్లీషులో టైపు చేశారు. సంతకానికి ముందు తెలుగులో చదివి వినిపించారు: వాది తెచ్చిన కందులను మా అమ్మ ఇంట్లో విసిరి వండేది, నేను కూడా తిన్నాను. ప్రేమ్‌సాగర్ కలం తీసుకుని కింద సంతకం పెట్టాడు.

తీర్పు ఏమైందని కంగారు పడేవాళ్ళకు ఇక్కడే చెప్పేస్తాను. కొన్ని వాయిదాల తర్వాత వచ్చింది. కౌలు అన్నది రాతలో లేదు, పహాణీలు, పాస్‌బుక్కు, యాదమ్మ సాక్ష్యం అన్నీ బిక్షమ్మ వైపే ఉన్నాయి. భూమి ఆమెదేనని కోర్టు ప్రకటించింది. ఇవాళ్టికీ ఆమే దున్నుతోంది. కానీ ఆమెను అడిగి చూడండి, తీర్పు రోజు ముచ్చట చెప్పదు. ప్రేమ్‌సాగర్ బోను దిగిన రోజు ముచ్చటే చెబుతుంది.

ఆ రోజు వరండాలోకి వచ్చాక జుల్ఫికర్ ముఖంలో ఎన్నడూ లేని వెలుగు. “అమ్మా, ఇగ ఫికర్ లేదు. భూమి ఎటూ పోదు” అన్నాడు. గ్లోరీ తల్లిని వాటేసుకుంది. బిక్షమ్మ మాత్రం మెట్ల మీద కూర్చుండిపోయింది. కళ్ళనుంచి నీళ్ళు కారిపోతున్నాయి, తుడుచుకోవడం లేదు. భూమి సంగతి ఆమె విన్నట్టే లేదు.

“తిన్నరట” అంది. “గన్నేండ్లు బర్రెలకే పోసిన్రనుకున్న. తిన్నరట సార్.”

జుల్ఫికర్ ఆమె పక్కన మెట్టు మీద కూర్చున్నాడు. కోటు మాసిపోతుందన్న ఆలోచన కూడా లేదు ఆయనకు.

“రేపొచ్చి కాదంటే? గా మాట తీసేయమని మల్ల దరఖాస్తు పెడ్తే?”

“సంతకం చేసిండమ్మా. ఇగ ఎవ్వరు తియ్యరాదు.”

“చిన్న పటేలు గూడనా?”

“ఆయన గూడ.”

బిక్షమ్మ కొంగుతో ముఖం తుడుచుకుంది. వరండాలో బంట్రోతు ఇంకెవరి పేర్లో పిలుస్తున్నాడు. ఆమె జుల్ఫికర్ వైపు జరిగి కూర్చుంది.

“జర గా సంతకం వెట్టిన ముక్క మల్లొకపారి చెప్పుండ్రి సార్” అంది.